ప్రభుత్వోద్యోగుల బర్తరఫ్ - విధివిధానాలు, అప్పీలు హక్కు

ప్రభుత్వోద్యోగిపై ఆరోపణ వచ్చి సస్పెన్షన్ ఉత్తర్వు వెలువడిన మరునాడే 'ఉద్యోగం ఊడింది' అన్న శీర్షికతో వార్త రావడం కద్దు. వాస్తవానికి సస్పెన్షన్ అనేది విచారణ సజావుగా సాగేందుకు ఉద్యోగిని తాత్కాలికంగా విధులకు దూరంగా ఉంచే ఏర్పాటు మాత్రమే. ఆ కాలంలో ఆయన ప్రభుత్వోద్యోగిగానే కొనసాగుతారు. జీవనభృతి పొందే హక్కు ఉంటుంది. సస్పెన్షన్‌కు, బర్తరఫ్‌కు నడుమ చట్టం నిర్దేశించిన అంచెలు అనేకం ఉన్నాయి. వాటిలో ఏ ఒక్కటి తప్పినా ఉద్యోగికి అన్యాయం జరగవచ్చు, లేదా తప్పు చేసినవారు సాంకేతిక కారణంతో బయటపడవచ్చు. అందువల్ల ఈ విధానాన్ని అధికారులు, పాత్రికేయులు స్పష్టంగా తెలిసికొనడం అవసరం.

రాజ్యాంగ రక్షణ

రాజ్యాంగంలోని 310వ అధికరణం ప్రకారం రాష్ట్ర ప్రభుత్వోద్యోగులు గవర్నరు అభీష్టం మేరకు పదవిలో కొనసాగుతారు. అయితే ఈ అధికారానికి 311వ అధికరణం రెండు హద్దులు విధించింది. మొదటిది, నియమించిన అధికారి కంటె తక్కువ స్థాయి అధికారి ఉద్యోగిని బర్తరఫ్ చేయరాదు, సర్వీసు నుంచి తొలగించరాదు. రెండవది, అభియోగాలను తెలియజేసి, తన వాదన వినిపించుకొనేందుకు సముచిత అవకాశమిచ్చి, విచారణ జరిపిన పిదపనే బర్తరఫ్, తొలగింపు లేదా హోదా తగ్గింపు శిక్ష విధించాలి. ప్రతిపాదిత శిక్షపై మరొకసారి సంజాయిషీ కోరవలసిన నిబంధనను 1976లో 42వ రాజ్యాంగ సవరణ ద్వారా తొలగించారు. ఈ రక్షణ సివిల్ పదవులలో ఉన్నవారికే వర్తిస్తుంది. ప్రభుత్వ రంగ సంస్థల ఉద్యోగులకు ఆయా సంస్థల సర్వీసు నిబంధనలు వర్తిస్తాయి.

శిక్షల మధ్య తేడా

ఆంధ్రప్రదేశ్ సివిల్ సర్వీసుల (వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు) నియమావళి, 1991 శిక్షలను స్వల్ప, కఠిన శిక్షలుగా విభజించింది. 2014లో రాష్ట్ర విభజన అనంతరం తెలంగాణ కూడా ఈ నియమావళిని అన్వయించుకొన్నది. అభిశంసన, పదోన్నతి నిలుపుదల వంటివి స్వల్ప శిక్షలు. హోదా తగ్గింపు, నిర్బంధ పదవీ విరమణ, తొలగింపు, బర్తరఫ్ కఠిన శిక్షలు. తొలగింపునకు గురైన వ్యక్తి భవిష్యత్తులో ప్రభుత్వోద్యోగానికి అనర్హుడు కాడు. బర్తరఫ్ అయిన వ్యక్తి సాధారణంగా అనర్హుడవుతాడు. వార్తలలో ఈ రెండు పదాలను ఒకదానికి బదులు మరొకటి వాడడం వల్ల సంబంధిత ఉద్యోగికి నష్టం కలిగే ప్రమాదం ఉన్నది.

విచారణ క్రమం

కఠిన శిక్ష విధించదలచినపుడు నియమావళిలోని 20వ నియమం ప్రకారం విచారణ జరపాలి. అభియోగాలను, వాటికి ఆధారమైన పత్రాలు, సాక్షుల జాబితాలతో సహా ఉద్యోగికి అందజేసి, లిఖితపూర్వక సమాధానం కోరాలి. అభియోగాలను అంగీకరించని పక్షంలో విచారణాధికారి ఎదుట సాక్షులను ప్రశ్నించే అవకాశం, తన తరఫు సాక్ష్యం సమర్పించే అవకాశం ఉద్యోగికి ఉంటాయి. శాఖాపరమైన విచారణలో క్రిమినల్ కేసులో వలె నిస్సందేహమైన రుజువు అవసరం లేదు. సాక్ష్యాధారాల మొగ్గు చాలును. అయితే ఆధారమే లేని నిర్ధారణ మాత్రం నిలువదు.

విచారణ నివేదిక ప్రతిని ఉద్యోగికి ఇచ్చి, ఆయన అభిప్రాయం తీసుకొన్న తరువాతనే క్రమశిక్షణాధికారి నిర్ణయం తీసుకోవాలి. హైదరాబాదులోని ఇ.సి.ఐ.ఎల్. సంస్థకు సంబంధించిన కేసులో 1993లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఈ అంశాన్ని స్పష్టం చేసింది. నివేదిక ఇవ్వకపోవడం వల్ల ఉద్యోగికి వాస్తవంగా నష్టం జరిగిందా లేదా అన్నది న్యాయస్థానాలు పరిశీలిస్తాయని కూడా ఆ తీర్పు పేర్కొన్నది.

విచారణ అవసరం లేని సందర్భాలు

క్రిమినల్ నేరంలో శిక్ష పడినపుడు ఆ ప్రవర్తన ఆధారంగాను, విచారణ జరపడం ఆచరణ సాధ్యం కానపుడు కారణాలను లిఖితపూర్వకంగా నమోదు చేసియు, రాజ్య భద్రత దృష్ట్యా విచారణ తగదని రాష్ట్రపతి లేదా గవర్నరు సంతృప్తి చెందినపుడును విచారణ లేకుండా చర్య తీసుకొనవచ్చును. ఈ మినహాయింపులను 1985లో సుప్రీంకోర్టు సమర్థించింది. అయితే విచారణ సాధ్యం కాదన్న కారణంతో చర్యకు గురైన ఉద్యోగి అప్పీలులో విచారణ కోరవచ్చునని కూడా ఆ తీర్పులో పేర్కొన్నది.

అప్పీలు - గడువే కీలకం

శిక్ష ఉత్తర్వు ప్రతి అందిన నాటి నుంచి 3 నెలలలోగా అప్పీలు చేసుకోవాలి. జాప్యానికి తగిన కారణం ఉన్నదని భావిస్తే అప్పీలు అధికారి దానిని మన్నించవచ్చును. కానీ అది ఉద్యోగి హక్కు కాదు. ఉత్తర్వు అందిన తేదీని నమోదు చేసికొనడం, గడువు దాటనీయకపోవడం ఉద్యోగి బాధ్యత. అప్పీలు సమగ్రంగా, మర్యాదపూర్వకమైన భాషలో, ఉద్యోగి స్వయంగా తన పేరిట సమర్పించాలి. గవర్నరు జారీ చేసిన ఉత్తర్వులపై అప్పీలు ఉండదు.

అప్పీలు అధికారి మూడు అంశాలను పరిశీలించాలి: నిర్దేశిత విధానం పాటించారా, నిర్ధారణలకు సాక్ష్యాధారాలు ఉన్నాయా, శిక్ష తగినదేనా. శిక్షను ఖరారు చేయవచ్చును, తగ్గించవచ్చును, రద్దు చేయవచ్చును, పెంచవచ్చును. పెంచదలచినపుడు ఉద్యోగికి వాదన వినిపించే అవకాశం ఇవ్వాలి. 'అప్పీలు పరిశీలించి తిరస్కరించడమైనది' అన్న ఏకవాక్య ఉత్తర్వు సరిపోదు, కారణాలు పేర్కొనాలి.

శాఖాపరమైన మార్గాలు ముగిసిన పిదప ఉద్యోగి హైకోర్టును ఆశ్రయించవచ్చును. గతంలో ఈ వివాదాలను విచారించిన రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్ పరిధి తెలంగాణకు 2016లో తొలగిపోగా, ఆంధ్రప్రదేశ్‌లో 2019లో ఆ ట్రైబ్యునల్ రద్దయింది. శాఖాపరమైన నిర్ణయాలపై హైకోర్టు అప్పీలు కోర్టు వలె సాక్ష్యాలను తిరిగి తూచదని ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం కక్షిదారుగా ఉన్న కేసులో 1963లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అందుచేత వాస్తవాలపై పూర్తిస్థాయి పరిశీలన జరిగే వేదిక ప్రధానంగా శాఖాపరమైన అప్పీలే.

విధానం పాటించకుండా తొందరపడి జారీ చేసిన ఉత్తర్వు న్యాయస్థానంలో రద్దయితే ఉద్యోగి తిరిగి విధులలో చేరడమే గాక, ఆ కాలపు వేతన భారం ఖజానాపై పడవచ్చును. ఒక్క ఉత్తర్వుతో ఒక కుటుంబం జీవనాధారం కోల్పోతుంది. ఒక్క లోపంతో అక్రమార్కుడు తప్పించుకోవచ్చును. ఈ రెండు అనర్థాలను నివారించే మార్గం ఒక్కటే: నిర్దేశించిన ప్రతి అంచెను సకాలంలో, సక్రమంగా పాటించడం.