కైపు పుట్టిల్లు

తాగిన స్థితిని చెప్పే తెలుగు మాటల్లో 'కైపు'ది వింత పుట్టుక. 'మత్తు' సంస్కృతంలోని 'మత్త' శబ్దం నుంచి వచ్చింది. 'మద్' ధాతువు నుంచి ఏర్పడిన మదం, మదిర దానికి తోబుట్టువులు. 'కైపెక్కింది', 'కైపు దిగింది' వంటి నుడికారాల్లో ఇమిడిపోయి అచ్చతెలుగులా వినిపించే 'కైపు' మాత్రం అరబ్బీలో పుట్టి, పారశీకం, ఉర్దూల మీదుగా 'కైఫ్' రూపంలో తెలుగు నేలకు చేరింది. పై పళ్లను కింది పెదవికి ఆనించి పలికే 'ఫ్' ధ్వని తెలుగుకు సహజం కానందున, 'తరఫ్' 'తరపు' అయినట్టే 'కైఫ్' ఉకారాంతమై 'కైపు'గా స్థిరపడింది.

అరబ్బీలో 'కైఫ' అంటే 'ఎలా' అనే ప్రశ్న మాత్రమే. అందులో మద్యం ఊసే లేదు. గల్ఫ్ దేశాలకు వెళ్లిన కరీంనగర్, నిజామాబాద్ ప్రాంతాల కార్మికులకు అలవాటైన 'కేఫ్ హాలక్' అనే కుశలప్రశ్నలో ఉన్నది ఈ మాటే. అరిస్టాటిల్ తర్కాన్ని అరబ్బీలో వ్యాఖ్యానించిన పండితులు, ఒక వస్తువు ఎలా ఉందన్న ప్రశ్నకు జవాబుగా నిలిచే 'గుణం' అనే విభాగానికి దీన్నే పారిభాషిక పదంగా వాడారు. 'ఎలా ఉంది' అన్న ప్రశ్న ఉన్న స్థితికీ, అక్కడినుంచి మంచి స్థితికీ, హాయికీ, చివరికి ఆ హాయిని తెచ్చిపెట్టే పదార్థానికీ పేరు కావడం అర్థవిపరిణామంలో, అంటే మాటల అర్థం మారే క్రమంలో, చక్కని ఉదాహరణ. టర్కీ భాషలో 'కెయిఫ్' ఉల్లాసం దగ్గరే ఆగింది. మొరాకోలో 'కిఫ్' గంజాయికి పేరైంది. 1855లో తన మక్కా యాత్రా గ్రంథాన్ని వెలువరించడం మొదలుపెట్టిన ఆంగ్ల యాత్రికుడు రిచర్డ్ బర్టన్, పనీ ఆలోచనా లేకుండా ఊరికే ఉండటంలోని సుఖంగా కైఫ్‌ను వర్ణించాడు. ఆ సుఖానికి సీసాతో పని లేదు. తెలుగు మాత్రం మత్తు అర్థాన్నే గట్టిగా పట్టుకుంది.

ఇదే మూలానికి భావార్థక ప్రత్యయం చేరగా 'ఉన్న తీరు' అనే అర్థంలో 'కైఫీయత్' ఏర్పడి, పాలనా వ్యవహారంలో వివరణ, నివేదిక అనే అర్థాలు సంతరించుకుంది. ఈస్టిండియా కంపెనీ సర్వే అధికారి కాలిన్ మెకంజీ (1754–1821) కోసం కావలి వెంకట బొర్రయ్య, 1803లో బొర్రయ్య మరణించాక ఆయన తమ్ముడు లక్ష్మయ్య, ఇతర సహాయకులు ఊరూరా సేకరించిన గ్రామ చరిత్రలకు కైఫీయత్తులన్న పేరు అలా వచ్చింది. గుడి కట్టించినదెవరో, ఈనాములు ఇచ్చినదెవరో, ఏ రాజు ఏలుబడిలో ఊరు ఎలా నడిచిందో నమోదుచేసిన కరణం రాతకూ, తాగినవాడి తూలుడుకూ ఒకే మాట మూలం కావడం కరణాలకు రుచించకపోయినా నిజమే. ఆ కైఫీయత్తుల్లో అనేకం నిఘంటుకర్త సి.పి. బ్రౌన్ తిరగరాయించిన ప్రతులుగా చెన్నైలోని ప్రభుత్వ ప్రాచ్య లిఖిత గ్రంథాలయంలో ఉన్నాయి.