కవిలెకట్ట, చెరువుకట్ట

గడచిపోయిన క్షణములన్నియు ఎచ్చటనో చెడక నిలిచియుండుననియు, వాని నెవ్వడో యొక లేఖకుడు విడువక వ్రాసి దాచుచుండుననియు తలంచుట మానవునకు మిక్కిలి ప్రాచీనమైన యూరట. మన పూర్వులు అట్టి గ్రంథాలయమును యమలోకమునందు నెలకొల్పి, చిత్రగుప్తుని దానికి కరణముగా నియమించి, ఆతని చిట్టాకు అగ్రసంధాని యని పేరిడిరి. గడచినదానికి అగ్రసంధాని యెట్టిదో, రానున్నదానికి కాలజ్ఞాన మట్టిది. పోతులూరి వీరబ్రహ్మముగారు తాము వ్రాసిన తాళపత్రములను బనగానపల్లెలో పాతిపెట్టించి, పైన చింతచెట్టు నాటించిరను కథ రాయలసీమలో విననివా రరుదు.

అర్జెంటీనా రచయిత బోర్హెస్ 1941లో కల్పించిన బేబెల్ గ్రంథాలయము వీనికి దూరపు చుట్టము. అందు ప్రతి గ్రంథమునకు 410 పుటలు, ప్రతి పుటకు 40 పంక్తులు. 25 సంకేతములను ఎన్ని విధముల కూర్పవచ్చునో అన్ని గ్రంథములును అచ్చట కలవు గనుక, ఒక మనుష్యుని యథార్థ చరిత్రయు, దానిని ఖండించు చరిత్రయు, ఆ రెండును బొంకులని చాటు మూడవదియు ఆ యరలలో నుండితీరవలెను. అయినను వెదకువాడు ఆయుర్దాయమంతయు తిరిగినను వానికి అర్థవంతమైన వాక్యమొకటి దొరకుట దుర్లభము. ఏదియు పారవేయని భాండాగారమున వెదకుట కూడ నిష్ఫలమే యగుచున్నది.

అనంతపురపు మెట్టసీమ ఈ నీతిని పుస్తకములు చదువకయే నేర్చినది. సంవత్సరమునకు సుమారు 550 మిల్లీమీటర్ల వాన మాత్రమే కురియు ఈ దేశమున, కురిసినదంతయు నిలుపుట ఎవ్వరి తరమును కాదు; ఏటి కడ్డముగా కట్ట పోసి, తూము పెట్టి, మిగిలినదానిని మరవమీదుగా పోనిచ్చుటయే ఇచ్చటివారి విద్య. గ్రామకరణములు చేసిన పనియు నిట్టిదే. పొలిమేరలు, మాన్యములు, చెరువు త్రవ్వించినవారి పేర్లు, పాళెగాండ్ర కలహములు మొదలైనవానిలో నిలుపదగిన వానిని తాటియాకులపై గంటముతో వ్రాసి, త్రాట గ్రుచ్చి, కవిలెకట్టలుగా భద్రపరచిరి. నీటిని నిలుపునదియు కట్టయే, ఆకులను నిలుపునదియు కట్టయే యనుట తెలుగుభాష మనకు చేసిన ఉపకారము.

1800లో ఈ సీమ చేరియున్న దత్తమండలములు కుంపిణీవారి వశమైనవి. కల్నల్ మెకంజీ కావలి సోదరుల తోడ్పాటుతో అట్టి కవిలెల నుండి ఊరూర సేకరింపజేసిన వృత్తాంతములే కైఫియతులు. పిమ్మట సి.పి. బ్రౌన్ దొర 1853లో అనంతపురపు ప్రభువుల చరిత్రమును మదరాసున అచ్చువేయించెను. ఆ చరిత్రములోనే ముసలమ్మ కథ కలదు.

విజయనగర ప్రభువగు మొదటి బుక్కరాయల మంత్రి చిక్కప్ప ఒడెయరు 1364 ప్రాంతమున పండమేరు కడ్డముగా చెరువు కట్టించి, కట్టకు ఈ కొసన బుక్కరాయసముద్రమను ఊరిని, ఆ కొసన అనంతసాగరమను ఊరిని వెలయించెనని ప్రతీతి. తరువాత నొకనాడు ఆ కట్టకు గండి పడగా, బసిరెడ్డి యనువాని కోడలు ముసలమ్మను బలి యిచ్చినగాని నీరు నిలువదని దైవవాక్కు వినబడెననియు, ఆమె సమ్మతించి గండిలోనికి దిగెననియు కథ. పేరు ముసలమ్మయే గాని, ఆమె వయసున చిన్నది. కట్టలో ఆ భాగమునకు ముసలమ్మకట్ట యనియే పేరు నిలిచినది.

ఈ కథను చదివిన కట్టమంచి రామలింగారెడ్డిగారు, ఇరువదియేండ్లు నిండని విద్యార్థిగా మదరాసు క్రైస్తవ కళాశాలలో నున్న దినములలో, 1899లో ముసలమ్మ మరణమను కావ్యమును వ్రాసిరి. కట్ట నిలిచెనని చరిత్ర చెప్పెను. కాని ఇంటి గడప దాటిన నిమిషము మొదలు గండి చేరువరకు ఆ యింతి హృదయమున నేమి మెదలెనో ఏ కరణమును వ్రాయలేదు. వ్రాయబడని ఆ నడకను కవి తన ఊహతో పూరించెను. కల్పిత గ్రంథాలయముల పుట్టుకయు నిట్టిచోటనే: గంటము చేరని క్షణము నెవ్వడో యొకడు విడువలేక కల్పనతో దానికొక ఆకు సమకూర్చును.

అయినను ఆ యాకు కవిదే గాని ముసలమ్మది కాదు. ఊరివారందరు తనవైపు చూచుచుండగా ఆమె నిజముగా సమ్మతించెనో, సమ్మతింపక గతి లేకపోయెనో తెలియగోరువాడు చిత్రగుప్తునే అడుగవలెను.