రెండు రీళ్ల వెస్టర్న్ హాస్యచిత్రాలు: వీరరసాభాసం

ఉపోద్ఘాతం:
సరిహద్దు పట్టణాలు, గుర్రపు రౌతులు, తుపాకి పోరాటాలు ప్రధానంగా గల అమెరికన్ చిత్రాలను ‘వెస్టర్న్’ అంటారు. ఒంటరి వీరుడు దుష్టులను జయించడం వీటి ప్రసిద్ధ ఇతివృత్తం. కొలంబియా సంస్థ 1934 నుంచి ‘త్రీ స్టూజెస్’ త్రయంతో నిర్మించిన 190 లఘుచిత్రాల్లో కొన్ని ఈ ఇతివృత్తాన్ని హాస్యానికి వాడుకొన్నాయి. రెండు రీళ్ల నిడివిలో, అంటే పదహారు, పదిహేడు నిమిషాల్లో, కథాలోకాన్ని విస్తరించి చెప్పే వీలుండదు. అందువల్ల ఈ చిత్రాలు ప్రేక్షకునికి ముందే తెలిసిన కథాసంప్రదాయంపై ఆధారపడ్డాయి. వాటిలో హాస్యం పుట్టే తీరును మూడు చిత్రాల ద్వారా పరిశీలించవచ్చు.

శ్లేషమూలక హాస్యం:
ఎడ్వర్డ్ బెర్న్డ్స్ దర్శకత్వం వహించిన ‘ఔట్ వెస్ట్’ (1947)లో షెంప్‌కు కాలి సిర ఉబ్బుతుంది. ఇంగ్లీషులో ‘వెయిన్’ అంటే రక్తనాళం. రాతిలోని ఖనిజపు చార అని మరో అర్థం. షెంప్ తన జబ్బు గురించి చెప్పిన మాటను ప్రతినాయకుడు డాక్ బార్కర్ బంగారానికి అన్వయించుకొంటాడు. అతని దురాశకు ఈ శ్లేషే బీజం.

వీరుని వైకృతం:
హాస్యాన్ని శృంగారానుకృతిగా నాట్యశాస్త్రం చెప్పింది. ఏ రసమైనా అనౌచిత్యం వల్ల ఆభాసమైతే హాస్యహేతువవుతుందని అభినవగుప్తుడు ఆ భావాన్ని విస్తరించాడు. బెర్న్డ్స్ చిత్రమే అయిన ‘పంచీ కౌపంచర్స్’ (1950) ఇందుకు చక్కని ఉదాహరణ. ఇందులో జాక్ మహోనీ పోషించిన ఎల్మర్‌కు రూపం, వేషం వీరునివే. నడకలో మాత్రం తడబాటు, తూలిపాటు. మహోనీ ఆరితేరిన స్టంట్ నటుడు కనుక ఆ పతనాల్లోనూ అంగవిన్యాసం కనిపిస్తుంది. క్రిస్టీన్ మెకింటైర్ పోషించిన నెల్ దుండగులను పిడిగుద్దులతో పడగొట్టి, వెంటనే అబలవలె మూర్ఛపోతుంది. వేషానికీ చేష్టకూ పొసగకపోవడమే ఇక్కడ నవ్వుకు మూలం.

పునర్నిర్మాణం - లోపం:
జూల్స్ వైట్ దర్శకత్వంలో వచ్చిన ‘పాల్స్ అండ్ గాల్స్’ (1954) ‘ఔట్ వెస్ట్’కు పునర్నిర్మాణం. పాత చిత్రంలోని దృశ్యాలతోపాటు ‘గూఫ్స్ అండ్ శాడిల్స్’ (1937) దృశ్యాలనూ ఇందులో తిరిగి వాడారు. తొలి చిత్రంలో బందీగా ఉన్న అరిజోనా కిడ్‌కు బదులు ఇందులో నెల్ సోదరీమణులు బందీలు. శ్లేష నిలిచింది, వీరుడు తొలగిపోయాడు. దాంతో విదూషకుల చేష్టలకు ఎదురుగా నిలిచే గంభీరపాత్ర కరవై, పరిహాసానికి ఆలంబనం బలహీనపడింది.

ముగింపు:
ఈ చిత్రాల్లో పరిహాసం వెస్టర్న్ సంప్రదాయాన్ని ధ్వంసం చేయదు, దానిపైనే నిలుస్తుంది. వీరరసం గుర్తుకు వచ్చినంతవరకే దాని ఆభాసం నవ్విస్తుంది. కనుక వీటిని కేవలం కొట్లాటల హాస్యంగా కాక, ఔచిత్యభంగం దృష్ట్యానూ అధ్యయనం చేయడం సముచితం.