కొబ్బరి సాగు: పిందెలు రాలిపోతున్నాయా? మట్టలు పసుపెక్కుతున్నాయా? ఉప్పు పోస్తే సరిపోదు.. ఎరువు ఇలా వేయాలి!

కోనసీమలో కొబ్బరి చెట్టును ఇంటి పెద్దకొడుకు అంటారు. కానీ ఆ పెద్దకొడుక్కి సరైన తిండి పెట్టేవాళ్లు ఎంతమంది? వరికి సీజన్ తప్పకుండా బస్తాలకు బస్తాలు చల్లే రైతు కూడా, కొబ్బరి దగ్గరికి వచ్చేసరికి "దానికేముందిలే, అదే కాస్తుంది" అని వదిలేస్తాడు. దింపులో కాయ తగ్గాక గానీ చెట్టు వైపు తలెత్తి చూడడు. అప్పటికే ఆలస్యమైపోతుంది. ఎందుకో తెలుసా?

ఈరోజు ఆకలి.. మూడేళ్ల తర్వాత నష్టం

బాగా ఎదిగిన కొబ్బరి చెట్టు సుమారుగా నెలకో కొత్త మట్ట వేస్తుంది. ప్రతి మట్ట మొదట్లో ఒక గెల వస్తుంది. అంటే ఏడాదికి దాదాపు 12 గెలలు అన్నమాట. అయితే ఆ పూగుత్తి మొవ్వు లోపల రూపుదిద్దుకోవడం, బయటకు వచ్చి విచ్చుకోవడానికి రెండున్నరేళ్ల ముందే మొదలవుతుంది. విచ్చుకున్నాక కాయ ముదరడానికి మరో 11, 12 నెలలు పడుతుంది.

అందుకే ఈ ఏడాది ఎరువు మానేస్తే ఆ దెబ్బ వెంటనే పూర్తిగా కనిపించదు. అలాగే ఈ ఏడాది వేసినా వచ్చే దింపుకే కాయ రెట్టింపు అయిపోదు. పిందె నిలవడంలో తేడా ముందే తెలిసినా, అసలు ఫలితం రెండు మూడేళ్లకు వస్తుంది. ఒక్కసారి వేసి "ఏం లాభం లేదు" అని మానేయడమే చాలామంది చేస్తున్న పొరపాటు.

ఒక్కో చెట్టుకు ఎంత?

కాపు కాసే చెట్టుకు ఏడాదికి 500 గ్రాముల నత్రజని, 320 గ్రాముల భాస్వరం, 1200 గ్రాముల పొటాష్ అవసరమని సాధారణ సిఫార్సు. దుకాణంలో దొరికే ఎరువుల లెక్కలో చెప్పాలంటే..

- యూరియా: సుమారు కిలో 100 గ్రాములు
- సింగిల్ సూపర్ ఫాస్ఫేట్: 2 కిలోలు
- మ్యూరేట్ ఆఫ్ పొటాష్: 2 కిలోలు
- వీటితో పాటు పశువుల ఎరువు: 25 నుంచి 50 కిలోలు

గమనించారా? అన్నిటికంటే ఎక్కువ కావాల్సింది పొటాషే. కానీ మనవాళ్లు ఎక్కువగా వేసేది యూరియా! ఎకరాకు 70 చెట్లు ఉన్న తోటకు ఏడాదికి 140 కిలోల పొటాష్ కావాలి. అంటే దాదాపు మూడు 50 కిలోల బస్తాలు. ఖర్చు చూసి దీన్నే ముందు తగ్గిస్తారు. అక్కడే కాయ సైజు, కొబ్బరి మందం దెబ్బతింటాయి.

చిన్న మొక్కలకు ఇంత మోతాదు వద్దు. నాటిన మూడు నెలలకు ఇందులో పదో వంతు, రెండో ఏడాది మూడో వంతు, మూడో ఏడాది మూడింట రెండు వంతులు, నాలుగో ఏడాది నుంచి పూర్తి మోతాదు ఇవ్వాలి.

ఎప్పుడు వేయాలి? ఎక్కడ వేయాలి?

వర్షాధార తోటల్లో తొలకరి వానలు పడ్డాక మూడో వంతు, సెప్టెంబర్-అక్టోబర్‌లో మిగతా రెండు వంతులు వేయాలి. నీటి వసతి ఉంటే మూడు నాలుగు దఫాలుగా ఇస్తే ఇంకా మంచిది. నేలలో పదును ఉండాలి. పొడి నేలలో వేయకూడదు, కుండపోత వానలోనూ వేయకూడదు. వేసిందంతా కొట్టుకుపోతుంది.

ఇక చోటు. చాలామంది మాను మొదట్లోనే గుమ్మరించేస్తారు. అది తప్పు. ఆహారం తీసుకునే వేళ్లు ఎక్కువగా మాను చుట్టూ రెండు మీటర్ల లోపు పరుచుకుని ఉంటాయి. కాబట్టి మాను నుంచి సుమారు 6 అడుగుల దూరం వరకు గుండ్రంగా పాదు చేయండి. మానుకు ఆనకుండా అడుగున్నర వదిలి, మిగతా పాదంతా సమానంగా చల్లి, మట్టితో కప్పి నీళ్లు పెట్టండి. తొలకరికి అదే పాదులో జనుము గానీ, పిల్లిపెసర గానీ చల్లి, పూత దశలో కలియదున్నితే పచ్చిరొట్ట ఎరువు ఉచితంగా వచ్చినట్టే. ఎండిన మట్టలు, కొబ్బరి డొక్కలు తగలబెట్టకుండా పాదులో కప్పితే తేమ ఆరిపోదు.

ఆకు చూస్తే లోపం తెలుస్తుంది

- కింది మట్టల ఆకుల చివర్లు, అంచులు కాలినట్టు ఎండిపోతుంటే పొటాష్ లోపం కావచ్చు.
- కింది మట్టలు ఎండ తగిలే వైపు పసుపెక్కి, ఈనె దగ్గర మాత్రం పచ్చగా ఉంటే మెగ్నీషియం లోపం. చెట్టుకు ఏడాదికి 500 గ్రాముల మెగ్నీషియం సల్ఫేట్ వేయాలి.
- కొత్త ఆకులు ముడతలు పడి విడిపోకపోతే, పిందెలు రాలితే, లోపల కొబ్బరి లేని ఒట్టి కాయలు వస్తుంటే బోరాన్ లోపాన్ని అనుమానించాలి. చెట్టుకు 50 గ్రాముల బోరాక్స్ ఏడాదికి రెండుసార్లు ఇవ్వాలి. మోతాదు మించితే చెట్టుకే హాని, జాగ్రత్త!

మరి ఉప్పు సంగతేంటి?

చెట్టు మొదట్లో ఉప్పు పోయడం పెద్దల నాటి అలవాటు. అందులో నిజం లేకపోలేదు. కొబ్బరికి క్లోరిన్ అవసరం, ఉప్పులో అది ఉంటుంది. కానీ మ్యూరేట్ ఆఫ్ పొటాష్‌లో కూడా క్లోరిన్ ఉంటుంది. అది సరిపడా వేసేవాళ్లకు వేరే ఉప్పు అక్కర్లేదు. చౌడు నేలల్లో, ఉప్పునీరు తగిలే తోటల్లో ఉప్పు అసలే పోయకండి. ఒక్క ఉప్పే పోసి ఎరువు వేశామనుకుంటే మాత్రం చెట్టు పస్తులున్నట్టే.

ఈ లక్షణాలుంటే ఎరువుతో ఆగకండి

పిందె రాలడానికి నీటి ఎద్దడి, మురుగు నిలవడం, పురుగులు, తెగుళ్లు కూడా కారణమవుతాయి. ముఖ్యంగా మాను అడుగు భాగంలో గోధుమ రంగు జిగురు కారుతుంటే అది సిగతోక తెగులు కావచ్చు. ఎరువు లోపమని రోజులు గడిపితే చెట్టు చేజారుతుంది, తెగులు మట్టి ద్వారా పక్క చెట్లకూ పాకుతుంది. వెంటనే ఉద్యాన శాఖ సిబ్బందికి చూపించండి.

పైన చెప్పిన మోతాదులు సాధారణ లెక్కలు మాత్రమే. మట్టి పరీక్ష చేయించుకుని, మీ నేలకు తగ్గట్టు మార్చుకోవాలి. కోనసీమ రైతులకైతే అంబాజీపేటలో కొబ్బరిపై పనిచేసే ఉద్యాన పరిశోధన స్థానం దగ్గర్లోనే ఉంది. పెరట్లో ఒక్క చెట్టున్నా సరే.. ఈ తొలకరికి పాదు తీయడంతో మొదలుపెట్టండి. మూడేళ్ల తర్వాత గెల చూసినప్పుడు తేడా మీకే తెలుస్తుంది.