గోడ మీది పల్లెలో ఎవరు లేరు?

బొమ్మ రాయించుకునేవారు షరతులు పెట్టడం కొత్త కాదు. సిద్దిపేట జిల్లా చేర్యాల నకాషీ చిత్రకళ షరతుల మధ్యనే పెరిగింది. ఖాదీ గుడ్డకు సుద్ద, చింతగింజల అంబలి, జిగురు పట్టించి, ఎర్రని నేపథ్యం మీద గీసే ఆ పటాలను ప్రధానంగా రాయించుకున్నది కులపురాణాలు చెప్పే ఆశ్రిత కులాలవారు. పద్మశాలీలకు మార్కండేయ పురాణం చెప్పే కూనపులివారు, మాదిగలకు జాంబపురాణం చెప్పే డక్కలివారు అటువంటివారే. పటం కథకు లొంగి ఉండాలన్నది వారి పట్టుదల. దాని వెనుక ఒక న్యాయం ఉంది: కథ వినే కులం ఆ పటంలో తన మూలపురుషుణ్ణి చూసుకోవాలి.

ఇప్పుడు రాయించుకునేవారు మారారు. ఆ శైలిలో బొమ్మలు గీసి బతికే నన్ను నిరుడు నగరంలోని ఒక సంస్థ తన స్వాగత మందిరం కోసం 12 అడుగుల ‘పల్లె జీవనం’ పటం అడిగింది. అంచులు మార్చమన్నారు, మార్చాను. ఎరుపు తగ్గించమన్నారు, తగ్గించాను. డబ్బు పెట్టేవారికి ఆ హక్కు ఉంది. తాటిచెట్టెక్కే గౌడు, సారె తిప్పే కుమ్మరి, మగ్గం ముందు సాలె వారికి నచ్చారు. చెప్పులు కుట్టే మాదిగను, డప్పు కొట్టేవారిని మాత్రం తీసేయమన్నారు. కారణం అడిగితే, ‘కళలోకి కులాన్ని ఎందుకు తెస్తారు?’ అన్నారు.

మోకు, సారె, మగ్గం అందమైన వృత్తులైనప్పుడు ఆరె, డప్పు మాత్రమే కులం ఎట్లా అయ్యాయి? తీసేయమన్న ఆ మాటలోనే కులం ఉంది. అదే సంస్థ వార్షికోత్సవానికి డప్పు బృందాన్ని పిలుస్తుంది. డప్పు మోత కావాలి, కొట్టే మనిషి గోడ మీద వద్దు. ఊరికి వాడ చాకిరీ కావాలి, ఊరి నడుమ వాడ వద్దు. ఈ రెండింటి నీతి ఒక్కటే.

నేను బయానా తిరిగి ఇచ్చేశాను. అది మా ఇంటి రెండు నెలల తిండి. దీన్ని త్యాగమని చెప్పుకోను. రేపటి గింజలు లేని చిత్రకారుడు కాదనలేడు, కాదనలేదని అతణ్ణి నిందించనూ లేము. అందుకే ఈ భారం ఒక్కో కళాకారుడి మీద వదలకూడదు. కనీసం ప్రజాధనంతో గీయించే గోడల మీదైనా, ఏ శ్రమజీవినీ కులం కారణంగా చెరిపివేయరాదన్న షరతు ఒప్పందంలోనే ఉండాలి. షరతులు పెట్టే అధికారం డబ్బుకు ఉన్నప్పుడు, ఒక్క షరతు పెట్టే అధికారం ప్రజలకు ఉండదా?