క్రిస్తీనా యాండా: నటనా కాలం – ప్రదర్శనా కాలం

పోలండ్ రంగస్థల, చలనచిత్ర నటి క్రిస్తీనా యాండా 1952లో జన్మించారు. 1975లో వార్సా నాటక విద్యాలయంలో శిక్షణ ముగించారు. ఆంద్జేయ్ వాయ్దా ‘పాలరాతి మనిషి’ (1977) ఆమెకు ఖ్యాతి తెచ్చింది. ప్రభుత్వం ఆదర్శ శ్రామికుడిగా కీర్తించి, ఆపై విస్మరించిన తాపీ మేస్త్రీ గతాన్ని శోధించే చలనచిత్ర విద్యార్థిని పాత్ర అది.

రిషార్డ్ బుగాయ్‌స్కీ ‘విచారణ’ ఆమె నటనకు గీటురాయి. స్టాలిన్ యుగంలో కారణం తెలియకుండానే నిర్బంధానికి గురై, అబద్ధపు వాంగ్మూలంపై సంతకానికి నిరాకరించే గాయని తోన్యాగా ఆమె నటించారు. 1982లో పూర్తయిన ఈ చిత్రాన్ని సైనిక శాసనం విధించిన ప్రభుత్వం నిషేధించింది. రహస్యంగా చేతులు మారిన వీడియో ప్రతులే దానిని బతికించాయి. 1989లో చిత్రం విడుదలైంది. 1990 కాన్ చిత్రోత్సవంలో ఆమె ఉత్తమ నటిగా పురస్కారం అందుకున్నారు.

తరువాత ఆమె తనకంటూ స్వతంత్ర వేదికను నిర్మించుకున్నారు. భర్త, ఛాయాగ్రాహకుడు ఎడ్వర్డ్ క్వోశిన్‌స్కీతో కలిసి వార్సాలోని ఒక పాత సినిమా హాలును ‘పోలోనియా’ నాటకశాలగా మార్చి, 2005లో ప్రారంభించారు.

తోన్యా పాత్రను పోషించినప్పుడు యాండాకు ముప్పయ్యేళ్లు నిండలేదు. పురస్కారం నాటికి ముప్పయ్యేడు. కాబట్టి విడుదల సంవత్సరాలను మాత్రమే ఆధారం చేసుకొని నటుల వికాసక్రమాన్ని నిర్ణయించడం సరికాదు. నటించిన కాలాన్నీ, ఆ నటన ప్రేక్షకులను చేరిన కాలాన్నీ వేరువేరుగా గుర్తించినప్పుడే నిషేధం కళాకారుల నుంచి ఏమి హరించిందో స్పష్టమవుతుంది.