జిల్లేడు: తొలగించవలసిన చోటు, ఉంచవలసిన చోటు

హైదరాబాదు తూర్పు అంచునున్న దిల్‌సుఖ్‌నగర్, ఎల్.బి.నగర్ ప్రాంతాలలో ఒకనాటి సాగు భూములు, బంజర్లు నేడు కాలనీలుగా మారినవి. ఇళ్ళ నడుమ మిగిలిన ఖాళీ స్థలాలలో, నాలాల గట్లపై, ప్రహరీ గోడల అంచున ఏడాది పొడవునా పూచే మొక్క జిల్లేడు. రథసప్తమి నాడు స్నానానికి దీని ఆకులను కోసుకొనే కుటుంబాలే, మరునాడు దానిని విషపు మొక్క అని కొట్టివేయమని కోరుతుంటాయి. ఈ రెండు దృష్టులలోనూ సత్యం ఉన్నది. కనుక జిల్లేడు మంచిదా చెడ్డదా అన్న ప్రశ్న కంటే, అది ఎక్కడ ఉన్నది అన్న ప్రశ్న విస్తరణ కార్యకర్తకు ఎక్కువ ఉపయోగకరం.

రెండు జాతులు

మన ప్రాంతంలో కెలోట్రోపిస్ జైగాంటియా, కెలోట్రోపిస్ ప్రొసెరా అనే రెండు జాతులు కనిపిస్తాయి. మొదటి దానిలో ఆకర్షణ పత్రాలు వెనుకకు వంగి, లేత ఊదా లేదా తెలుపు రంగులో ఉంటాయి. రెండవ దానిలో అవి నిటారుగా నిలిచి, తెల్లని పత్రాల కొనలు ముదురు ఊదా రంగులో ఉంటాయి. రెండూ అపోసైనేసి కుటుంబానికి చెందినవే. రెండింటి పాలూ విషపూరితమే.

విషం పనిచేయు విధానం

జిల్లేడు పాలలో కెలోట్రోపిన్, అస్కారిన్ వంటి కార్డినోలైడ్లు ఉంటాయి. ఇవి కణపొరలోని సోడియం–పొటాషియం పంపును నిరోధించి గుండె లయను దెబ్బతీస్తాయి. చేదు కారణంగా పశువులు సాధారణంగా దీనిని ముట్టవు. అందువల్లనే అతిగా మేపిన బీళ్ళలో ఇతర మొక్కలు తరిగి జిల్లేడు మిగులుతుంది. మేత కరవైనప్పుడు మాత్రం ఆకలిగొన్న పశువులకు ప్రమాదం ఉన్నది.

మనుషులకు ప్రధాన ప్రమాదం కంటికి. పాలు కంటిలో పడినప్పుడు కార్నియా లోపలి పొర దెబ్బతిని చూపు మసకబారుతుంది. నొప్పి అంతగా లేకపోవుటచే బాధితులు చికిత్సను ఆలస్యం చేస్తారు. వెంటనే శుభ్రమైన నీటితో కంటిని ఎక్కువసేపు కడిగి, నేత్ర వైద్యుని వద్దకు వెళ్ళవలెను.

పుష్పం – తుమ్మెద

జిల్లేడు పుప్పొడి పొడిగా రాలదు. అది ముద్దలుగా కూడి, జంటలుగా ఒక చిన్న పట్టుకు అతికి ఉంటుంది. మకరందం కోసం పువ్వుపై వాలిన కీటకపు కాలు చీలికలో చిక్కినప్పుడు ఆ జంట దానికి తగులుకొని మరొక పువ్వుకు చేరుతుంది. దానిని పెకలించుటకు బలమైన కీటకం కావలెను. నల్ల తుమ్మెదలు, అనగా జైలోకోపా జాతులు, ఆ పనిని సమర్థంగా నిర్వహిస్తాయి.

ఈ తుమ్మెదలే సాగు పంటలకూ ఉపకరిస్తాయి. వంగ పువ్వులో పరాగకోశపు కొన రంధ్రం నుండి పుప్పొడి రాలుటకు వీటి రెక్కల కండరాల కంపనం తోడ్పడుతుంది. కందిలో పరపరాగ సంపర్కం జరిపే కీటకాలలో ఇవి ముఖ్యమైనవి. పటాన్‌చెరులోని ఇక్రిశాట్ రూపొందించిన సంకర కంది విత్తనోత్పత్తిలో, పురుష వంధ్య మొక్కలకు పుప్పొడి చేరవేయునవి కీటకాలే.

అయితే జిల్లేడు ఇచ్చేది మకరందం మాత్రమే. ముద్దగా ఉన్న దాని పుప్పొడి తుమ్మెద పిల్లలకు ఆహారం కాదు. తంగేడు ఇందుకు భిన్నంగా మకరందం లేకుండా పుప్పొడినే ఇస్తుంది. గూటికి ఎండిన కొయ్య లేదా వెదురు కావలెను. ఈ మూడూ సమీపంలో ఉన్నచోటనే తుమ్మెదలు స్థిరపడతాయి. వనస్థలిపురం వద్ద 1975లో ఏర్పడిన మహావీర్ హరిణ వనస్థలి వంటి పచ్చని ప్రాంతాలకూ, నగరం వెలుపలి కంది, కూరగాయల పొలాలకూ నడుమ ఖాళీ స్థలాల జిల్లేడు పొదలు వేసవిలోనూ మకరందాన్ని అందించగలవు.

ప్లెయిన్ టైగర్ సీతాకోకచిలుక గొంగళిపురుగులు జిల్లేడు ఆకుపై పెరుగుతాయి. జిల్లేడుపై చేరే పసుపు పచ్చని పేనుబంక ప్రధానంగా ఈ కుటుంబపు మొక్కలకే పరిమితమైనది. దానిని తినుటకు వచ్చే అక్షింతల పురుగులు మాత్రం పొలాలలో పంట పేనుబంకనూ తింటాయి.

యాజమాన్యం

బడి ఆవరణ, పిల్లలు ఆడే స్థలం, నడకదారి, పశువుల కొట్టం, మేత నిల్వ చేసే చోటు — ఇక్కడ జిల్లేడును తొలగించవలెను. పైభాగం నరికితే తిరిగి చిగురిస్తుంది. వర్షం పడి నేల మెత్తబడినప్పుడు వేరుతో పెకలించవలెను. ఆ సమయంలో చేతి తొడుగులు, కంటి అద్దాలు తప్పనిసరి.

బీళ్ళలో, పొలం గట్లపై, జనసంచారం లేని స్థలాలలో కొన్ని పొదలను ఉంచవచ్చును. వ్యాప్తిని అరికట్టుటకు కాయలు పగిలి దూది వంటి నూగుతో విత్తనాలు గాలికి ఎగురక మునుపే కోసివేయవలెను. పువ్వులు మిగులుతాయి, విత్తనాలు మిగలవు. కోసిన లేత కొమ్మలను వరి మడిలో పచ్చి ఆకు ఎరువుగా తొక్కే పద్ధతి మన రైతులకు తెలిసినదే.

పండుగకు ఆకులు కోసే గృహిణులకు, పిల్లలకు చెప్పవలసినది ఒక్కటే: కోసిన వెంటనే చేతులు సబ్బుతో కడుగుకొనవలెను, అంతవరకు కళ్ళు తాకరాదు. ఈ హెచ్చరికతో పాటు తుమ్మెద సంగతిని కూడా చెప్పినప్పుడే, ఏ పొదను తీయవలెనో, ఏ పొదను ఉంచవలెనో ప్రజలు స్వయంగా నిర్ణయించుకొనగలుగుతారు.